మొఘల్ చక్రవర్తి దాకా ఎందుకు, మా కారోబార్ చాలు

పొద్దుటి చాయ్ కూడా తాగలేదు, మా ఊరి కారోబార్, అదే పంచాయతీ లెక్కాపత్రాలు చూసేవాడు, గ్రామసభ రిజిస్టర్ చంకలో పెట్టుకుని గుమ్మంలోకి వచ్చాడు. "అన్నా, ఒక్క సంతకం. మొన్న సోమవారం సభ అయింది గదా." ఎక్కడయింది నాయనా? సోమవారం నేను నల్లగొండ కలెక్టరేట్‌లో అర్జీలు తీసుకునే ప్రజావాణి లైన్లో నిలబడి ఉన్నాను. అదీ మా వాడకట్టు మోరీ గురించే! తెరిచి చూస్తే తీర్మానాలన్నీ ఒకే పెన్ను, ఒకే చేతిరాత. 31వ వరుసలో నా పేరు, ఇంటిపేరు తప్పు రాసి మరీ. కింద చాయ్ బిస్కెట్ల ఖర్చు 1,400 రూపాయలు. జరగని సభలో బిస్కెట్లు ఎవరు తిన్నారో మరి.

రాత్రే డీట్రిష్ కాన్రాడ్ గురించి చదివి పడుకున్నాను, అందుకే మంట రెండింతలైంది. జర్మనీ న్యాయశాస్త్ర పండితుడాయన. 1965లో బెనారస్ హిందూ విశ్వవిద్యాలయానికి వచ్చి అడిగాడు: సవరించే అధికారం ఉంది కదా అని రాజ్యాంగాన్నే తీసేసి మొఘల్ చక్రవర్తిని మళ్లీ గద్దెనెక్కించొచ్చా? హిట్లర్‌ని చూసిన దేశం కదా, ఆ భయం ఊరికే రాలేదు. ఆ వాదన గోలక్‌నాథ్ కేసులో సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. చివరికి 1973లో, కేశవానంద భారతి కేసులో, 13 మంది జడ్జీల్లో ఏడుగురు, సవరణ పేరుతో రాజ్యాంగం మౌలిక స్వరూపం, అంటే దాని ప్రాణం లాంటి సూత్రాల జోలికి పోవద్దన్నారు. ఒక్క జడ్జి అటు మొగ్గి ఉంటే?

పాపం కాన్రాడ్‌కు మా ఊరు తెలియదు. ఇక్కడ సవరణతో పనే లేదు. 73వ సవరణతో రాజ్యాంగంలోకెక్కిన గ్రామసభ కథను ఒక రిజిస్టరు, ఒక పెన్నుతో ముగించారు. అయిదేళ్లు నిండకముందే పంచాయతీ ఎన్నికలు పెట్టాలని రాజ్యాంగమే చెప్తుంది. మా తెలంగాణలో 2024 ఫిబ్రవరిలో గడువైపోతే 2025 డిసెంబరు దాకా దిక్కులేదు. ఎవరమైనా నోరెత్తామా? నేను కూడా ఎత్తలేదు, అది వేరే సంగతి.

మా బావ పక్కనే కూర్చుని "సంతకం పెడితే నీ ఆస్తి పోతదారా? ఆ జర్మనోని ముచ్చట మనకెందుకు?" అన్నాడు. ఆయన డీపీలో అంబేడ్కర్ ఫోటో!

ఈ బావే 2019లో మా అమ్మ వార్డు మెంబరుకు నామినేషన్ వేస్తే, ఊరు ఏకగ్రీవం చేద్దామని బొడ్రాయి దగ్గర పెద్దమనుషుల్లో కూర్చున్నాడు. అమ్మను లోపలికి పిలవనే లేదు. విత్‌డ్రా కాగితం ఇంటికే పంపారు, సంతకం చోట పెన్సిల్‌తో ఇంటూ మార్కు పెట్టి. అమ్మ పొయ్యి మీద అన్నం దించి, చేతులు తుడుచుకుని, పెట్టేసింది. అప్పుడు నేను హైదరాబాద్‌లో లా పరీక్షలు రాస్తున్నాను, ప్రాథమిక హక్కుల మీద.

నేను పెట్టలేదు సంతకం. కారోబార్ "సరే అన్నా" అని నవ్వుకుంటూ పోయాడు. ఈపాటికి ఎవడో పెట్టేసి ఉంటాడు. ఇంటిపేరు మాత్రం సరిగ్గా రాయమని చెప్పండి.