మూడంగుళాల తెర మీద తొలి నటి

2028 సెప్టెంబరు 11తో టెలివిజన్ నాటకానికి నూరేళ్లు నిండుతాయి. 1928లో ఆ రోజున న్యూయార్క్ రాష్ట్రంలోని స్కెనెక్టడీ నుంచి, జనరల్ ఎలక్ట్రిక్ వారి డబ్ల్యూజీవై రేడియో కేంద్రం జె. హార్ట్‌లీ మ్యానర్స్ రాసిన ఏకాంకిక ‘ది క్వీన్స్ మెసెంజర్’ను ప్రసారం చేసింది. పాత్రలు రెండే: ఒక బ్రిటిష్ వార్తాహరుడు, అతన్ని బుట్టలో వేసే స్త్రీ. ఆ స్త్రీ వేషం కట్టింది ఇజెట్టా జ్యూవెల్. ఈ ఘట్టం తలచుకున్నప్పుడల్లా ఆ ప్రసార యంత్రాన్ని రూపొందించిన ఇంజినీరు ఎర్నెస్ట్ అలెగ్జాండర్‌సన్ పేరే ముందుకొస్తుంది. నటి పేరు అంత తేలిగ్గా మరిచిపోదగింది కాదని మా అభిప్రాయం.

ఆమె చేసిన పని విలువ తెలియాలంటే ఆనాటి యంత్రాన్ని తెలుసుకోవాలి. గుండ్రటి పళ్లెంలో సుడిలా 24 రంధ్రాలు. పళ్లెం గిర్రున తిరుగుతుంటే ఒక్కో రంధ్రం బొమ్మలో ఒక్కో గీతకు లెక్క. చూసేచోట మరో పళ్లెం, దాని వెనుక నియాన్ దీపం. రెండింటి వేగం కాస్త తప్పినా బొమ్మ జారిపోతుంది. అన్నీ కుదిరితే దక్కేది మూడంగుళాల చదరంలో 24 గీతలు. అందులో మనిషిని నిలువునా చూపితే కళ్లేవో నోరేదో తెలియదు. అందుకే మూడు కెమెరాలు పెట్టారు. ఒకటి ఆమె ముఖానికి, ఒకటి సహనటుడు మారిస్ రాండాల్ ముఖానికి, మూడోది చేతులకూ చేతిలోని వస్తువులకూ. ఆ చేతులు కూడా వాళ్లవి కావు. జాయిస్ ఇవాన్స్ రెక్టర్, విలియం టోనిస్కీలవి. దర్శకుడు మార్టిమర్ స్టీవర్ట్ చిన్న పెట్టె మీది మీటలు తిప్పుతూ ఒక కెమెరా బొమ్మను మసకబార్చి మరోదాన్ని తెచ్చేవాడు.

వెనుక వరుసకు అందేలా చెయ్యెత్తి, గొంతెత్తి ఆడటం రంగస్థల నటి నేర్చిన విద్య. ఇక్కడ చేతులు లేవు, నడక లేదు. తల కదిలితే బొమ్మ చెదురుతుంది. మాట రేడియో ద్వారా విడిగా పోతుంది. ఎక్కడో మరొకరి చెయ్యి కదిలే క్షణానికి తన మాట సరిపోవాలి. ముఖం తప్ప ఏమీ లేని చోట పాత్రను నిలబెట్టడం ఎలాగో ఆమెకు చెప్పగలిగిన గురువు అప్పటికి ఎవరూ లేరు.

ఆమె నటనతో ఆగిన మనిషీ కాదు. 1922లో వెస్ట్ వర్జీనియా డెమొక్రాటిక్ ప్రైమరీలో, అంటే పార్టీ అభ్యర్థిని ఎంచుకునే ఎన్నికలో, సెనేట్ స్థానానికి పోటీ చేశారు. అమెరికా మహిళలకు దేశమంతటా ఓటుహక్కు వచ్చి అప్పటికి రెండేళ్లే.

ఆ ప్రసారాన్ని ఎవరూ రికార్డు చేసి భద్రపరచలేదు. అయినా చేతులు మాత్రమే కనిపించిన ఇద్దరి పేర్లు కూడా మిగిలాయి, కాగితం మీద రాసి ఉంచారు గనక. మన దగ్గర హైదరాబాద్ దూరదర్శన్ 1977లో మొదలైంది. తొలి ఏళ్ల తెలుగు నాటకాల్లో ఆడిన నటీమణుల పేర్లు, పాత్రలు, ప్రసార తేదీలు, మేకప్, లైటింగ్ సిబ్బంది వివరాలు ఒక్కచోట చేర్చాలని మేము కోరుతున్నాం. టేపు దొరికితే డిజిటల్ ప్రతి తీయాలి. దొరకకపోతే ఏది ఎప్పుడు జరగాలో రాసుకున్న క్యూ షీటు, స్క్రిప్టు కాపీ, పారితోషికపు రసీదు అయినా సరే. ఆ రోజుల్లో స్టూడియో ఫ్లోర్ మీద నిలబడినవారు ఇంకా మన మధ్య ఉండగానే వారిని కూర్చోబెట్టి రాయించుకోవాలి.