బహుమతి ఇచ్చిన చేత్తోనే బొమ్మకు అడ్డం

తామే బహుమతి ఇచ్చి, నెత్తిన పెట్టుకుని, ఫొటోలు దిగిన చిత్రకారిణితో 'ఆ ఒక్క బొమ్మ దగ్గరే కొంచెం ఇబ్బందిగా ఉందమ్మా' అని నసిగిన వాషింగ్టన్ మ్యూజియం పెద్దల తీరు చూస్తే మాకు ఒళ్లు మండుతోంది.

అమెరికా చిత్రకారిణి ఎమీ షెరాల్డ్ సంగతే. 38 ఏళ్లొచ్చేదాకా రెస్టారెంట్లో వడ్డన పని చేస్తూ బొమ్మలేసుకున్న మనిషి. 2012లో గుండె మార్పిడి జరిగింది. 2016లో వాషింగ్టన్‌లోని నేషనల్ పోర్ట్రెయిట్ గ్యాలరీ పెట్టిన పోటీలో గెలిచిన తొలి మహిళ. 2018లో ఆమె వేసిన మిషెల్ ఒబామా బొమ్మ ఆ గ్యాలరీలోనే పెడితే జనం క్యూ కట్టి చూశారు. ఆమె నల్లజాతి మనుషుల ఒంటికి బూడిద రంగు వేస్తుంది, చర్మం రంగు చూసి మనిషిని తూచే అలవాటుకు అడ్డం పడాలని. (మన దగ్గర పోర్ట్రెయిట్ వేయించుకునే ఆసామి మొదట చెప్పే మాట 'కొంచెం తెల్లగా వెయ్యి' అనే కదా.)

అదే గ్యాలరీలో 2025 సెప్టెంబరులో ఆమె ఎగ్జిబిషన్ మొదలవ్వాల్సింది. అందులో ఒక బొమ్మలో ట్రాన్స్‌జెండర్ మహిళ స్టాచ్యూ ఆఫ్ లిబర్టీ పోజులో నిలబడి ఉంటుంది. ఆ బొమ్మ బదులు, దాని గురించి జనం మాట్లాడే వీడియో పెడదామన్నారని షెరాల్డ్ చెప్పింది. బదులుగా కాదు, బొమ్మ పక్కనే వీడియో కూడా పెడదామన్నామని సంస్థ అంది. ఆమె జులైలోనే ఎగ్జిబిషన్ మొత్తాన్ని వెనక్కి తీసుకుంది. మంచి పని చేసింది. తర్వాత బాల్టిమోర్ మ్యూజియం దాన్ని తీసుకుంది.

ప్రభుత్వ సొమ్ముతో నడిచే సంస్థ అందరి మనోభావాలూ చూసుకోవాలి అనేవాళ్లున్నారు. సరే, విన్నాం. కానీ ఆ మనోభావాలు 2016లో బహుమతి ఇచ్చేటప్పుడు ఎక్కడికి పోయాయి? 2018లో క్యూలు చూసి మురిసిపోయినప్పుడు? పేరు తెచ్చిపెట్టినన్నాళ్లు ఆమె బొమ్మలన్నీ కావాలి, పైవాళ్లకు కోపం వస్తుందేమోనన్న అనుమానం తగిలేసరికి ఒకటి తగ్గించుకోవాలి. ఇదేం లెక్క?

ఒకసారి ఇది చెల్లిందంటే ఇక రాతపూర్వక ఆర్డరు కూడా అక్కర్లేదు, ఎవరికో నచ్చదేమోనన్న ఊహ చాలు. షెరాల్డ్‌కు పేరుంది, వద్దు పొమ్మని వెళ్లిపోగలిగింది, ఆమెను పిలిచే మ్యూజియం ఇంకోటి దొరికింది. రేపు ఇదే మాట మొదటి ఎగ్జిబిషన్ కోసం ఎదురుచూస్తున్న కుర్రాడితో అంటే వాడేం చేస్తాడు? తల ఊపుతాడు. ఆ తర్వాతి బొమ్మ అసలు వెయ్యడు. వెయ్యని బొమ్మ మీద గొడవేముంటుంది, అంతా సవ్యంగా ఉన్నట్టే కనిపిస్తుంది.

వాషింగ్టన్ గొడవ తిరుపతికెందుకు అంటారేమో. ఏటా మే నెలలో గంగమ్మ జాతరకు మగవాళ్లు చీర కట్టి, పూలు పెట్టుకుని వీధుల్లో నడుస్తుంటే దండం పెట్టే ఊరు మనది. అది మొక్కు, ఇది వేరు అంటారని తెలుసు. అయినా జాతర దాటాక సిగ్నల్ దగ్గర చెయ్యి చాచిన హిజ్రాను చూసి కారు అద్దం ఎత్తేసేదీ మనమే. లీలామహల్ సర్కిల్లో నిలువెత్తు ఫ్లెక్సీ కట్టడానికి ఎవరి మనోభావాలూ అడ్డురావు. అదే ఒక ఆర్టిస్టు ఆ హిజ్రా బొమ్మ వేసి హాల్లో పెడతానంటే మన నిర్వాహకుల్లో ఎందరు 'అదొక్కటీ వద్దులే బాబూ' అనకుండా ఉంటారు?

మూడేళ్లకోసారి పెట్టే ఆ పోటీ మళ్లీ వస్తుంది. కొత్త పేరు పిలుస్తారు, చప్పట్లు కొడతారు. గెలిచినవాళ్ల చేతిలో చెక్కు పెట్టే ముందే, వాళ్ల బొమ్మల్లో ఏవి గోడకెక్కుతాయో ఏవి ఎక్కవో ఆ పెద్దలు కాగితం మీద రాసివ్వాలి. ఆ మాత్రం ధైర్యం లేకపోతే పోటీ పెట్టడం మానుకోండి.