ఒక తాంబాళంలో పట్టని పేరు

పోయిన ఆదివారం హనుమకొండలో మా చుట్టాలింట్లో తొట్టెల పండుగ. వారం ముందే వాట్సాప్‌లో కార్డు వచ్చింది. బాబు పేరు 'జివాన్ష్'. తెలుగులో చూస్తే మూడక్షరాల ముచ్చట. ఇంగ్లిష్‌లో మాత్రం జెడ్, హెచ్, వై, వీ, మళ్లీ వీ, ఏ, మళ్లీ ఏ, ఎన్, ఎస్, హెచ్, ఇంకా తనివి తీరక మళ్లీ హెచ్. మొత్తం 11. దాని కింద బంగారు రంగులో అర్థం: 'సూర్యుని తొలి కిరణం. సంస్కృతం.'

ఇంతటి పేరును ఊరికే వదిలేస్తే భావితరాలు నన్ను క్షమించవని వ్యుత్పత్తి పరిశోధనకు పూనుకున్నాను.

మొదటి చిక్కు తొలి అక్షరంతోనే. సంస్కృతంలో జెడ్ అనే ధ్వనే లేదు. పాణిని దగ్గర దొరకని అక్షరం హనుమకొండ చౌరస్తాలో ఎలా దొరికిందో తెలియదు. రెండో చిక్కు ఆ తొలి కిరణం. సూర్యుడికి తొలి కిరణం రోజుకు ఒకటే ఉండాలి. మా చుట్టాల్లోనే ఇప్పటికి అయిదుగురున్నారు. అందులో ఒక పాప పేరు కియారా. అదీ సంస్కృతమేనట. అమ్మా, అది ఇటలీ వాళ్ల క్యారా. లాటిన్‌లో క్లారా, అంటే వెలుగు గలది. పేరు బాగానే ఉంది, ఇటలీదని చెప్తే పోయేదేముంది? ఉహూఁ, వేదాల్లో ఉండి తీరాల్సిందే.

ఇక 'ఆన్ష్'. అసలు మాట అంశ. హిందీలో చివరి అచ్చును మింగేస్తారు కాబట్టి అక్కడ అంశ్ అయింది, రామ రామ్ అయినట్టు. మనది అచ్చుతో ముగిసే భాష. రాముడంటాం, రామయ్య అంటాం, రాములంటాం. ఇప్పుడు సున్నాను 'న్' చేసి, 'శ'ను 'ష' చేసి, చివర నోరు మూసుకుపోయేలా పొల్లు పెడితే మోడ్రన్ అట. పంతులు ఉత్తరాషాఢ నాలుగో పాదం, 'జి' అక్షరం అని చెప్పాడు కాబట్టి ఇది పుట్టింది. నయం, ఆర్ద్ర మూడో పాదమైతే 'ఙ' వచ్చేది. దానికీ ఒక ఆన్ష్ తగిలించేవాళ్లే.

మొత్తానికి జీవ, అంశ కలిస్తే జీవాంశ. సూర్యుడు ఎక్కడా తగల్లేదు. ఈ సంగతి మొదట పట్టుకున్నది నేను కాదు, బాబు ముత్తాత. ఎనభై ఏళ్ల మనిషి, వయసులో ఉన్నన్ని రోజులు గొర్లు కాశాడు. మూలకు కుర్చీలో కూర్చుని మనుమణ్ని అడిగాడు.

"ఏం పేరు పెడుతుండ్రు బిడ్డా?"

"జివాన్ష్ తాతా. జీవ, అంశ."

ఆయన కాసేపు లెక్క వేసుకున్నాడు. మన దగ్గర జీవాలంటే గొర్లు, మేకలు. అంశ అంటే వాటా.

"జీవాలల్ల వాటానా? మంచిదే. ఎన్ని ఇస్తుండ్రు?"

నా దృష్టిలో ఇంతకన్నా శాస్త్రీయమైన వ్యుత్పత్తి లేదు.

మరి ఆ 11 అక్షరాలెందుకంటే, న్యూమరాలజీ. మామూలుగా జె, ఐ, వీ, ఏ, ఎన్, ఎస్, హెచ్ అని రాస్తే కాల్డియన్ లెక్కలో 22 వస్తుంది. మంచిది కాదట. 45 కావాలట. జెడ్‌కు ఏడు, హెచ్‌కు అయిదు, వీకి ఆరు చొప్పున సరుకు నింపి 45కు తూకం వేశారు. నేను కూడి చూశాను, లెక్క సరిపోయింది. పేరే సరిపోలేదు.

ఎక్కడ సరిపోలేదో చెప్తాను. తాంబాళంలో బియ్యం పోసి, బంగారు ఉంగరంతో తండ్రి పేరు రాయాలి. పంతులు "రాయండి" అన్నాడు. తండ్రి జేబులోంచి ఫోన్ తీశాడు. ఎవరికో చేస్తాడనుకున్నాం. కన్నకొడుకు పేరు చూసుకోవడానికి తీశాడు. జెడ్ ఘనంగా మొదలుపెట్టాడు. నాలుగో అక్షరానికి తాంబాళం అంచు తగిలింది. అరచేత్తో చదును చేసి చిన్నగా రాశాడు. చిన్నగా రాస్తే బియ్యం జారతాయి కదా, వై తోక పూడిపోయి వీ అయి కూర్చుంది. వైకి ఒకటి, వీకి ఆరు. 45 కాస్తా 50 అయింది. తల్లి మొహంలో టెన్షన్. "చెరుపు, చెరుపు!" అని ఒక కేక.

రెండో తాంబాళం వచ్చింది. అందులోకి బియ్యం కావాలంటే వంటాయన సోలెడు కూడా ఇయ్యనన్నాడు, ఎసరు మరుగుతోందని. ఎలాగో తెచ్చారు. మొదటి దాంట్లో ఆరు అక్షరాలు, రెండో దాంట్లో అయిదు. ఫొటోగ్రాఫర్ రెండూ ఫ్రేములో పట్టాలని జరిపించి జరిపించి చివరకు కుడిది ఎడమకు పెట్టించాడు. పంతులు పాపం అలసిపోయి, "తెలుగులో రాయండి బాబూ, ఒక్క పళ్లెం చాలు" అన్నాడు. తల్లి చాలా మర్యాదగా చెప్పింది: "తెలుగు స్పెల్లింగ్ ఇంకా ఫైనల్ కాలేదండీ."

తర్వాత మేనత్త చెవిలో మూడుసార్లు పేరు చెప్పాలి. చెప్పింది. మూడు పేర్లు వచ్చాయి. మూడోది నాకు జీన్స్ అని వినబడింది.

జనన నమోదులో పేరును ఏడాది లోపు రుసుము లేకుండా చేర్చుకోవచ్చు, తొందరేమీ లేదు. కానీ వీళ్లు అప్పటికే నెట్ సెంటర్‌కు పోయి వచ్చారు. అక్కడి కుర్రాడు ఒక హెచ్ తక్కువ కొట్టాడు. రేపు నీలం రంగు బాల ఆధార్‌లో ఇంకో రకం, పదో తరగతి మెమోలో మరో రకం.

ఇంతవరకూ నవ్వుకుంటూనే ఉన్నాను. భోజనాల దగ్గర కార్డు మళ్లీ తీసి చూస్తే అడుగున 'ఆశీస్సులతో, ముత్తాత శ్రీ కుమార్' అని ఉంది. ఈ కుమార్ ఎవరని అడిగాను. "తాతనే. కొమురయ్య అంటే కార్డు మీద లుక్ రాదని..." అన్నాడు బాబు తండ్రి.

లుక్ రాదా?

కొమురయ్య అంటే కొమురవెల్లి మల్లన్నకు మొక్కుకుంటే పుట్టినవాడురా. ఐలోని మల్లన్న ఇస్తే ఐలయ్య, ఓదెల మల్లన్న ఇస్తే ఓదెలు, వేములవాడ రాజన్న ఇస్తే రాజయ్య, కురవి వీరన్న ఇస్తే వీరన్న, మేడారం తల్లులు ఇస్తే సమ్మయ్య, సారయ్య. పేరు వింటే తల్లి ఏ గుడి ముందు కొంగు పట్టిందో తెలిసేది. వెబ్‌సైట్ చూడక్కర్లేదు. ఆ పేర్లను దొరలు నిండుగా పలకనైనా పలకలేదు. కొమ్రిగా, ఐలిగా అని పిలిచారు. పేరు చివర 'అయ్య' అనిపించుకోవడానికి ఈ నేల మీద మనుషులు చచ్చిపోయారు. 1946 జులై 4న కడవెండిలో దొర మనుషుల తూటాకు కూలినవాడు దొడ్డి కొమురయ్య. పాలకుర్తిలో తన పంట మీద, తన భూమి మీద దొరను చెయ్యి వేయనియ్యనిది చాకలి ఐలమ్మ. దొరలు తోకే కోశారు. మీరు బంగారు రంగు కార్డు కోసం బతికున్న మనిషి పేరు మొత్తం కోసి కుమార్ అని అతికించారు. ఆయనకు చదువు రాదు కాబట్టి తెలియదని ధైర్యం. సిగ్గుండాలి.

ఇది పైకి అనలేదు. పప్పు వడ్డించమన్నాను, అంతే.

చేయి కడుక్కుని కట్నం రాయించడానికి పోయాను. కవరు మీద బాబు పేరు రాయాలని చూసి, రెండో వీ దగ్గర ధైర్యం చాలక 'బాబుకు' అని రాసి 516 పెట్టాను. కట్నాలు రాసుకునేది ఆ వాడకట్టు పెద్దమనిషి, గీతల నోట్‌బుక్, చెవికి పెన్ను. పేరు సరిగ్గా రాశాడో లేదోనని వంగి మొదటి పేజీ చూశాను. పైన పెద్ద అక్షరాలతో ఇలా ఉంది: 'కొమురయ్య ముని మనుమని తొట్టెల.'