నూతిలో చేద తేలికైతే భూమి ఆకర్షణ తగ్గినట్టా?

ఇచ్ఛాపురం, పర్లాకిమిడి, బరంపురం వైపు తెలుగువాళ్ల ఫోన్లలో ఒక ఫార్వర్డ్ తిరుగుతోంది: "నూతిలో చేద నీళ్లలో ఉన్నంతసేపు తేలిక, పైకి రాగానే బరువు. ఎందుకంటే నీళ్లలో భూమి ఆకర్షణ తగ్గుతుంది. లోతుకు పోయేకొద్దీ ఇంకా తగ్గుతుంది. ఇనుము మునుగుతుంది కాబట్టి దాన్ని నీళ్లు ఎత్తవు. ఉప్పు ఆకర్షణను తెంచుతుంది, అందుకే సముద్రంలో సులువుగా తేలుతాం."

మొదటి వాక్యం ఒక్కటే నిజం.

ఆకర్షణ సంగతి ఇంట్లోనే తేల్చుకోవచ్చు. ఎలక్ట్రానిక్ కాటా మీద ముప్పాతిక వంతు నీళ్లున్న గిన్నె పెట్టి సున్నా చేయండి. 270 గ్రాముల గ్రానైటు ముక్కను దారంతో కట్టి, అడుక్కీ అంచుకీ తగలకుండా పూర్తిగా ముంచండి. కాటా 100 గ్రాముల దగ్గర ఆగుతుంది. మీ చేతికి తగ్గిన బరువు సరిగ్గా అంతే. ఇప్పుడు దారం వదిలేసి రాయిని అడుగున కూర్చోనివ్వండి: 270. రాయి నీళ్లలోనే ఉంది, బరువు ఒక్క గ్రాము కూడా ఎక్కడికీ పోలేదు. ఇందాక అందులో 100 గ్రాములు నీళ్లు మోశాయి, 170 మీరు మోశారు.

గిన్నెను అంచుదాకా నింపితే నీళ్లు ఒలికి కాటా దిగిపోతాయి, లెక్క చెడుతుంది. రాయికి అంటిన గాలి బుడగల్ని తుడవకపోతే అంకె ఎక్కువ చూపిస్తుంది. బెజ్జాల రాయి నీళ్లు పీలుస్తుంది, అది వద్దు.

నీళ్లు ఎలా మోస్తాయి? లోతు పెరిగితే పీడనం పెరుగుతుంది. 10 సెంటీమీటర్ల ఘనాన్ని నిటారుగా ముంచితే, పై ముఖాన్ని నీళ్లు కిందికి నొక్కేదానికన్నా అడుగు ముఖాన్ని పైకి నెట్టేది సుమారు 1 కిలో బరువంత ఎక్కువ. అదే ఉత్ప్లవన బలం. అది ఘనం తొలగించిన, అంటే పక్కకు నెట్టిన, ఒక లీటరు నీళ్ల బరువుకు సమానం. పీడనం పుట్టేదే నీళ్ల బరువు వల్ల. ఆకర్షణ లేకపోతే ఈ తోపూ ఉండదు! బరువు తెలియని అంతరిక్ష కేంద్రంలో నీళ్లలోని బుడగ పైకి తేలదు.

ఇక చేద. 10 లీటర్లు పట్టే ఇనప చేద ఖాళీగా 2 కిలోలనుకోండి. నిండి మునిగి ఉన్నప్పుడు తాడు మీద పడేది 1.75 కిలోలే; లోపలి నీళ్లను చుట్టూ ఉన్న నీళ్లే మోస్తాయి. అంచు పైకి తేలిన దగ్గర్నుంచి భారం తాడు మీదికి మారుతూ, అడుగు బయటపడేసరికి 12 కిలోలవుతుంది. అక్కడ ఒక్క గుంజు గుంజితే పాత తాడు తెగుతుంది.

లోతు మాటా తప్పే. పూర్తిగా మునిగాక రాయికి 1 మీటరైనా 10 మీటర్లయినా తేడా ఉండదు. గాలి నిండిన మెత్తటి బంతికైతే ఫార్వర్డ్ చెప్పిందానికి తలకిందులుగా జరుగుతుంది: 10 మీటర్ల లోతులో గాలి సుమారు సగానికి నలిగి, తోపు తగ్గిపోతుంది.

ఇనుమునూ నీళ్లు ఎత్తుతాయి, చాలినంత ఎత్తలేవు, అంతే. 5 కిలోల పోత ఇనుము తూకపురాయి నీళ్లలో 4.3 కిలోలు, అదే బరువు గ్రానైటు 3.15 కిలోలు తూగుతుంది. గ్రానైటు ఎక్కువ చోటు ఆక్రమిస్తుంది కదా.

ఉప్పు చేసేది నీళ్లను చిక్కబరచడమే. సముద్రపు నీళ్ల సాంద్రత లీటరుకు 1.025 కిలోలు. తాజా గుడ్డుది 1.08 దగ్గర, కాబట్టి గోపాలపూర్ సముద్రపు నీళ్లలో వేసినా అది మునుగుతుంది; లీటరుకు 150 గ్రాముల ఉప్పు కలిపితే తేలుతుంది. సరుకుతో కలిపి 2 టన్నులున్న నావ సముద్రంలో సుమారు 1,950 లీటర్లు తొలగిస్తే చాలు, బాహుదా నది మంచినీళ్లలో 2,000 తొలగించాలి. వానాకాలంలో ఏటి నీళ్లు చేరి చిలికా సరస్సు చప్పబడ్డప్పుడు అదే నావ, అదే సరుకుతో, కాస్త లోతుగా కూర్చుంటుంది.