మావాడి పదకొండు ఆటలు

కాలిఫోర్నియాలో మన తెలుగు సంఘం జరిపిన విశ్వావసు (2025) ఉగాది సభ గురించి వాట్సాప్ గ్రూపులో వారం పాటు నడిచింది. పచ్చడిలో వేపపువ్వు తక్కువైందని ఒకరు, పంచాంగ శ్రవణం సాగదీశారని ఒకరు, పులిహోర మూడో బ్యాచ్‌కే అయిపోయిందని అందరూ. నాకు గుచ్చుకున్న సంగతి మాత్రం ఎవరూ ఎత్తలేదు. ఎత్తరు కూడా, ఎందుకంటే ఆ సంగతికి అందరూ నవ్వారు.

ఫ్యాన్సీ డ్రెస్‌కీ కూచిపూడికీ మధ్య మైకు మొరాయించింది, గుర్తుందా? అది బాగయ్యాక కూడా పిల్లల మేకప్ పూర్తి కాలేదు. ఆ ఖాళీ నింపడానికి మన పెద్దాయన ఒకరు వేదికెక్కారు. పేరు రాయను. ఆయనదీ నెల్లూరే, మూలాపేటలో మా ఇంటికి రెండు వీధుల అవతల. ముందు వరుసలో తల వంచుకుని ఆడుకుంటున్న మావాడి చేతిలోంచి గేమ్ డబ్బా తీసుకుని, పైకెత్తి చూపించారు.

"దీంట్లో వీళ్ల నాన్న ఎంత పోశాడో అడగండి. చేతికి ఏమన్నా వచ్చిందా? డిస్కు లేదు, అట్టపెట్టె లేదు, అన్నీ నెట్‌లో కొన్నవే. రేపు ఆ కొట్టోడు మూసేస్తే మిగిలేది గాలి! మా నెల్లూరులో గోలీలైనా జేబులో గలగలలాడేవి."

హాలంతా గొల్లుమంది. నేనూ నవ్వాను. ఆ నవ్వు ఇంకా నా గొంతులోనే ఉంది.

ఇంటికొస్తూ కారులో మావాడు ఒక్కటే మాట అన్నాడు: "నాన్నా, ఆ కొట్టు మూసేసి రెండేళ్లయింది గదా. ఆయనకి చెప్పలేదేం?"

నిజమే, చెప్పలేదు. ఇప్పుడు చెబుతున్నాను.

మావాడిది నింటెండో 3డీఎస్. మూత తీస్తే రెండు తెరలుండే బుల్లి డబ్బా. అమెరికాలో 2011లో వచ్చింది, 2020లో తయారీ ఆపేశారు. దాని ఆన్‌లైన్ కొట్టులో కొత్తగా కొనుక్కునే వీలు 2023 మార్చి 27తో పోయింది. అయితే అంతకుముందు కొన్నవాళ్లు వాటిని మళ్లీ దించుకోవచ్చు. అమ్మకం ఆగింది, ఇవ్వడం ఆగలేదు. పెద్దాయన గాలి అన్న ఆటలు అలా పదకొండు ఉన్నాయి మావాడి దగ్గర. అవి నా డబ్బు కూడా కాదు. పుట్టినరోజులకు వచ్చిన గిఫ్ట్ కార్డులు. ఆ హాల్లో నవ్విన వాళ్లలో కనీసం నలుగురు ఇచ్చినవి వాటిలో ఉన్నాయి.

అవి గాలో కాదో నాకు నెల్లూరులోనే తెలిసింది.

కొట్టు మూసిన ఏడాదే, జులై ఆఖర్లో మేం ఊళ్లో ఉన్నాం. మా అక్క కూతురికి ఓణీల ఫంక్షన్. కెమెరా మెడలో వేసుకుని హడావిడిగా తిరుగుతున్న మేనల్లుడు నా దగ్గరికొచ్చి, "మామా, కార్డు నిండిపోయింది, ఇంకోటి ఉంటే ఇవ్వు" అన్నాడు. బ్యాగులో చూస్తే మావాడి డబ్బా కనిపించింది. పక్కన చిన్న మూత, దాని వెనక అచ్చం కెమెరాలో పెట్టే కార్డే. అందులో ఏముంటుందిలే అనుకున్నాను. నొక్కి తీసి ఇచ్చాను. వాడు కెమెరాలో పెట్టాడు, ఫార్మాట్ చేయమంటావా, అంటే ఉన్నదంతా చెరిపేయమంటావా అని కెమెరా అడిగింది, వాడు ఓకే నొక్కాడు. పిల్లవాణ్ని అడగాలన్న ఆలోచన నాకూ రాలేదు, మేనల్లుడికీ రాలేదు. మన ఇళ్లలో ఎవరి వస్తువైనా అందరిదీ, పిలకాయల వస్తువైతే మరీను.

రాత్రి మావాడు మూత తీశాడు. దించుకున్న ఆటలన్నీ ఉండేది ఆ కార్డులోనే. ఆటల బొమ్మలుండే చోట ఖాళీ గళ్లు. ఏడవలేదు. తెర మీద వేలు పెట్టి అటూ ఇటూ జరుపుతూనే ఉన్నాడు, పక్క గళ్లలో ఎక్కడైనా ఉన్నాయేమోనని.

మా అమ్మ వాడి చేతిలో రెండు మలై కాజాలు పెట్టి, "పోతే పోయింది లే అబ్బయా, బొమ్మే గదా. రేపు ట్రంకు రోడ్డులో ఇంకోటి కొనిస్తా" అంది. ప్రేమగానే అంది. వాడు కాజా తినలేదు. వాడు తినలేదని ఆమె కూడా అన్నం ముట్టలేదు. అదీ మా ఇల్లు.

విషయం పట్టుకున్నది మా నాన్న. ఆయన ముప్పై ఏళ్లు రిజిస్ట్రారాఫీసు ముందు దస్తావేజులు రాసిన మనిషి. మనవణ్ని పక్కన కూర్చోబెట్టుకుని విచారణ మొదలుపెట్టారు.

"డబ్బు కట్టినట్టు వాళ్ల దగ్గర రాసుంటదా?"

"ఉంటుంది తాతా."

"మరింకేంది? కాగితం చెదలు తింటే ఆఫీసుకు పోయి నకలు తెచ్చుకోమా? నకలు తీసుకో."

రీడౌన్‌లోడ్‌కి ఇంతకన్నా మంచి తెలుగు మాట నేనింకా వినలేదు.

నకలు తీయడం అంత తేలిగ్గా అవలేదు. చార్జరుతో మొదలు. దాని మీద 120 వోల్టులని రాసి ఉంది, మన ఊళ్లో ప్లగ్గులో వచ్చేది 230. ఫోను చార్జర్లలా అన్నింటినీ తట్టుకునే రకం కాదది. ఊరికి వెళ్లేటప్పుడు మీరూ చూసుకోండి. మేం యూఎస్‌బీ వైరొకటి దొరికించుకుని గట్టెక్కాం. తర్వాత వైఫై. ఇంట్లో ఫైబర్ కనెక్షన్ బ్రహ్మాండంగా ఉంది, ఫోన్లన్నిటికీ వస్తోంది, ఈ డబ్బాకు మాత్రం అసలు కనిపించడం లేదు. నెట్ అబ్బాయిని పిలిపించాం. వచ్చి డబ్బాను అటూ ఇటూ తిప్పి చూసి, "ఏ కాలం నాటిది సార్ ఇది?" అన్నాడు. దానికి వైఫైలో 2.4 గిగాహెర్ట్జ్ అనే పాత బ్యాండు తప్ప పట్టదు. కొత్త రకం డబ్ల్యూపీఏ3 భద్రత పెడితే లోపలికి రాలేదు. అతను రూటరు సెట్టింగుల్లోకి పోయి, 2.4కి వేరే పేరు పెట్టి, భద్రతను పాత రకం డబ్ల్యూపీఏ2కి మార్చాడు. అప్పుడు దొరికింది.

తెర మీద నారింజ రంగు సంచి బొమ్మ ఉంటుంది, అదే కొట్టు. లోపలికి పోయి, మెనూలో సెట్టింగ్స్ దాకా దిగితే, మళ్లీ దించుకోదగినవాటి జాబితా వస్తుంది. మా నాన్న కళ్లద్దాలు పెట్టుకుని పైనుంచి కిందికి వేలితో లెక్కపెట్టారు. పదకొండూ ఉన్నాయి.

"ఇంకెన్నాళ్లు ఇస్తారంట?" అని అడిగారు.

ఇప్పట్లో ఆపబోమని కంపెనీ చెప్పిందన్నాను.

"అది గడువు కాదు రా. అది మాట." వెంటనే మనవడికి చెప్పారు, "అన్నీ ఇప్పుడే దించు."

కొత్త కార్డుకి మళ్లీ తిరుగుడు. ఈ డబ్బాకు అధికారికంగా 32 జీబీ దాటకూడదు. దుకాణంలో 64కి తక్కువ లేవన్నారు. మూడో కొట్టులో అడుగున దుమ్ము పట్టిన 32 ఒకటి దొరికింది. ఆటల బరువును ఇది ఎంబీల్లో చెప్పదు, బ్లాకుల్లో చెబుతుంది. ఎనిమిది బ్లాకులు ఒక ఎంబీ. పెద్ద ఆటలైతే ఎనిమిది వేల బ్లాకుల పైమాటే, పైగా ఆ డబ్బా వేగం ఎడ్లబండి వేగం. తర్వాత దించమని చెప్పి మూత మూసేస్తే నిద్రలోనే పని చేసుకుంటుంది. బాగానే ఉంది గానీ మధ్యలో కరెంటు పోయింది. ఇన్వర్టరు మీద ఫ్యాన్లు తిరుగుతున్నాయి, రూటరు ఆగిపోయింది. మా నాన్న లేచి, టార్చి నోట్లో కరుచుకుని, ఎక్స్‌టెన్షన్ బోర్డు లాగి రూటరును ఇన్వర్టరు లైనుకి కలిపారు. డెబ్బై నాలుగేళ్ల మనిషి, అర్ధరాత్రి, ఆ గాలి కోసం.

ఆ మధ్యలోనే రొట్టెల పండగ వచ్చింది. మొక్కు తీరినవాళ్లు రొట్టె ఇస్తారు, కోరిక ఉన్నవాళ్లు పుచ్చుకుంటారని మావాడికి దారిలోనే చెప్పి బారాషహీద్ దర్గాకి తీసుకెళ్లాం. స్వర్ణాల చెరువులో మోకాళ్ల లోతు నీళ్లలో జనం. చదువు రొట్టె, ఉద్యోగం రొట్టె, పెళ్లి రొట్టె, సొంతింటి రొట్టె, మనలాంటివాళ్ల కోసం విదేశీ రొట్టె. ఒకావిడ రొట్టె పట్టుకుని, "నీకేం రొట్టె కావాలబ్బయా?" అని అడిగింది. వాడు తనకొచ్చిన తెలుగులో తడుముకుంటూ, "పోయినవి మళ్లీ వచ్చే రొట్టె" అన్నాడు. ఆవిడ కాసేపు ఆలోచించి, "అట్టాంటిది లేదు గానీ, చదువు రొట్టె తీసుకో" అని చేతిలో పెట్టింది. మాకు కావలసిందీ అదే కాబట్టి నేనేమీ అనలేదు.

మూడో రాత్రికి పదకొండూ దిగాయి. అయితే పూర్తిగా రాలేదు. ఆట వస్తుంది, ఆడింది రాదు. ఆ ఆటల్లో ఎక్కడిదాకా వచ్చామన్న లెక్క ఉండేది ఆ కార్డులోనే, అది ఓణీల ఫోటోల కింద పోయింది. వాడికి ఇష్టమైన ఆట ఒకటుంది, ఊరు కట్టుకునేది. చెట్లు నాటాలి, ఇల్లు పెంచాలి, ఇరుగుపొరుగు వచ్చి చేరతారు. నాలుగేళ్లు పెంచాడు. ఇప్పుడు తెరిస్తే, నీ పేరేంటి, ఊరి పేరేంటి అని మొదటి రోజు అడిగినట్టే అడిగింది. వాడు కాసేపు చూసి, ఇంగ్లీషు అక్షరాల్లో నెల్లూరు అని కొట్టాడు. మా అమ్మ వెనకనుంచి తొంగిచూసి, "మన మూలాపేట యాడుంది దాంట్లో?" అని అడిగింది.

ఇప్పుడు పెద్దాయన మాటకొద్దాం. ఆయన అన్నదాంట్లో నిజం లేదా? ఉంది. మనం బై అని నొక్కుతాం గానీ అది క్రయం కాదు, కౌలు. పొలం దున్నుకోవచ్చు, పంట తినొచ్చు, పాసుబుక్కు మాత్రం మన పేరు మీద ఉండదు. ఆ సంగతి కొనేవాడికి ముందే స్పష్టంగా చెప్పాలని మన కాలిఫోర్నియాలోనే చట్టం వచ్చింది, 2025 జనవరి 1 నుంచి అమల్లో ఉంది. కొట్లు మూతపడటం కూడా కొత్త కాదు. ఇదే కంపెనీ పాత ఆట మెషిన్లు డీఎస్‌ఐ కొట్టు 2017లో, వీ (Wii) కొట్టు 2019లో పోయాయి. సోనీ 2021 మార్చిలో తన పాత మెషిన్ల కొట్లు మూస్తానంది. జనం గోల పెట్టేసరికి ఏప్రిల్‌లో వెనక్కి తగ్గి, పీఎస్‌పీ ఒక్కదానికి అమ్మకాలు ఆపి, వీటా, పీఎస్ 3 కొట్లను మూయకుండా ఉంచింది. రిజిస్ట్రారాఫీసు నకలు మన హక్కు. ఇది వాళ్ల దయ. అంతదాకా పెద్దాయనతో నాకు పేచీ లేదు.

గోలీల దగ్గరే పేచీ. గోలీలు జేబులో ఉండేవి, సరే, ఎన్నాళ్లుండేవి? నాకు హార్లిక్స్ సీసా నిండా ఉండేవి. మేడ మీద గది కట్టిస్తున్నప్పుడు మా అమ్మ ఆ సీసా తీసి మేస్త్రి పిల్లలకిచ్చేసింది. మంచి పనే. ఆ పిల్లల మొహాలు నాకిప్పటికీ గుర్తే. కానీ నన్ను అడగలేదు. స్కూలునుంచి వచ్చి గూడు చూసుకుంటే ఖాళీ. నలభై ఏళ్ల తర్వాత అదే పని నేను నా కొడుక్కి చేశాను, ఉగాదినాడు పెద్దాయన మైకులో చేశారు. చేతిలోంచి లాక్కోవడంలో తేడా లేదు. ఇంకో మాట, ఆయన గోలీలకి నకలు లేదు, మావాడి ఆటలకి ఇప్పటికింకా ఉంది.

అందుకే కార్యవర్గానికి నాదొక విన్నపం. జూన్ పిక్నిక్‌లో, హెన్నా టేబులు పక్కన, ఇంకో టేబులు వేయించండి. మన ఇళ్ల అల్మారాల్లో ఈ పాత డబ్బాలు ఎన్ని పడి ఉన్నాయో నాకు తెలుసు. పిల్లలు కాలేజీకి వెళ్లిపోయారు, చార్జరు ఎక్కడుందో తెలియదు, కార్డు ఫోటోల కోసం ఎవరో తీసేశారు. తీసుకురండి. జాబితా తెరిచి, ఉన్నవన్నీ దించుకుని పోదాం. 2024 ఏప్రిల్‌లో వాటిలో నెట్ మీద ఒకరితో ఒకరు ఆడుకోవడం కూడా ఆపేశారు, ఇక ముఖ్యంగా మిగిలింది దించుకోవడమే. 32 జీబీ కార్డులు నేను తెస్తాను, ఖరీదు ఇచ్చేయండి. నేర్పడానికి మావాడు కూర్చుంటానన్నాడు.

దసరాకి మన సంఘం బొమ్మలు సేకరించి ఊళ్లకి పంపుతుంది గదా, అందులో ఈ డబ్బాలు వేసేముందు కాస్త ఆగండి. కొన్న ఆటలు ఆ మెషినుకే కట్టేసి ఉంటాయి. కొత్తదాంట్లోకి మార్చుకోవాలంటే పాతదీ కొత్తదీ రెండూ చేతిలో ఉండాలి. పాతది పార్సిలెక్కాక గుర్తొచ్చి లాభం లేదు. ముందు పిల్లవాణ్ని అడగండి. వాడు ఇరవై రెండేళ్ల ఉద్యోగస్తుడైనా సరే, ఫోను చేసి అడగండి.

పెద్దాయన కూడా తప్పకుండా రావాలి. వాళ్ల మనవరాలి దగ్గరా ఇలాంటిదే గులాబీ రంగుది ఉందని విన్నాను. రూటరు నేనే తెస్తాను, 2.4కి వేరే పేరు పెట్టి మరీ. పోయినేడు పిక్నిక్‌కి తెచ్చిన నా ఎక్స్‌టెన్షన్ బోర్డు ఇంకా సంఘం స్టోరేజీలోనే ఉంది. ఎవరు తీసుకెళ్లారో, నన్నయితే అడగలేదు. అది తెచ్చిపెడితే చాలు.