దారానికి కట్టిన గుండు చెప్పిన భూమి ఆకారం

భూమి బల్లపరుపుగా ఉందని చెప్పే వీడియోలు ఫోన్లలో తిరుగుతున్నాయి. అవి చూసి పిల్లలు అడిగితే ‘కాదు, గుండ్రంగా ఉంది, కావాలంటే ఉపగ్రహం తీసిన ఫోటో చూడు’ అంటాం. ఫోటోయే బూటకమని నమ్మినవారి ముందు ఆ జవాబు నిలవదు. అసలు ఫోటోలు లేని రోజుల్లోనే మనుషులు భూమి ఆకారాన్ని కొలిచి తేల్చారు. పిల్లలకు చెప్పాల్సింది ఆ కొలతల కథ.

ఆర్యభటుడు భూగోళాన్ని కడిమి పువ్వుతో పోల్చాడు. బంతిలాంటి ఆ పువ్వుకు చుట్టూ కేసరాలున్నట్టే భూమికి అన్ని వైపులా ప్రాణులున్నాయన్నాడు. తన చుట్టూ తాను తిరిగే భూమి నడుము దగ్గర ఉబ్బి ఉండాలని న్యూటన్ లెక్క కట్టాడు. నిజానిజాలు తేల్చడానికి ఫ్రాన్స్ 1735లో ఒక బృందాన్ని భూమధ్యరేఖ దగ్గరికి, 1736లో మరో బృందాన్ని ఉత్తరాన లాప్లాండ్‌కు పంపింది. న్యూటన్ మాటే నెగ్గింది. భూమధ్యరేఖ దగ్గర భూమి వ్యాసం ధ్రువాల మధ్య వ్యాసం కంటే సుమారు 43 కిలోమీటర్లు ఎక్కువ. మొత్తం 12,700 కిలోమీటర్ల పైచిలుకులో ఇది కంటికి ఆనేంత తేడా కాదు. అందుకే ఫోటోలో భూమి నిండు బంతిలా కనిపిస్తుంది.

నన్ను ఎక్కువగా కదిలించే ఘట్టం మాత్రం మన దేశంలో జరిగింది. విలియం లాంబ్టన్ 1802లో మద్రాసు దగ్గర మొదలుపెట్టిన మహా సర్వే, ఆయన తర్వాత జార్జ్ ఎవరెస్ట్ చేతుల్లో హిమాలయాల దాకా సాగింది. మధ్య భారతంలోని కల్యాణ్‌పూర్‌కూ, ఉత్తరాన ఉన్న కలియానాకూ మధ్య దూరం దాదాపు 600 కిలోమీటర్లు. దాన్ని నేల మీద త్రిభుజాలు పరుచుకుంటూ పోయి ఒకసారి, నక్షత్రాల కోణాలు చూసి మరోసారి కొలిచారు. రెండు లెక్కలకూ సుమారు 160 మీటర్ల తేడా వచ్చింది.

నక్షత్రం కోణం చూడాలంటే ముందు నిలువు ఏదో తెలియాలి. గోడ నిలువు చూసుకోవడానికి తాపీమేస్త్రీ వాడేలాంటి గుండే అందుకు ఆధారం. హిమాలయాలు ఆ గుండును తమ వైపు లాగుతున్నాయేమోనని కలకత్తాలో ఉన్న క్రైస్తవ మతాచార్యుడు జాన్ హెన్రీ ప్రాట్ 1855లో లెక్క వేశాడు. వింతేమిటంటే, ఆయన లెక్క ప్రకారం గుండు ఆ 160 మీటర్ల తేడాకు సరిపడేదానికి మూడు రెట్లు పక్కకు జరగాలి. మరి అంతటి కొండలు అంత తక్కువగా ఎందుకు లాగుతున్నాయి? అదే ఏడాది ఇంగ్లండ్ ఖగోళ శాస్త్రవేత్త జార్జ్ ఎయిరీ ఒక జవాబు ఇచ్చాడు. నీటిపైకి ఎక్కువగా తేలే దుంగకు అడుగున మునిగిన భాగమూ ఎక్కువే. అలాగే పర్వతాల కింద తేలిక రాతి వేళ్లు లోతుగా దిగి ఉన్నాయని, అందుకే లాగుడు తగ్గిందని ఆయన చెప్పాడు. పైపొర మందం మామూలు ఖండాల కింద 35-40 కిలోమీటర్లుంటే, హిమాలయ, టిబెట్ ప్రాంతంలో 70 దాకా ఉందని ఇప్పుడు తెలుసు. ఆకారం కొలవబోతే అంతర్నిర్మాణం బయటపడింది!

ఇంకా లోతుకు దారి చూపినవి భూకంపాలు. 1897 అస్సాం భూకంపాన్ని అధ్యయనం చేసిన భారత భూగర్భ సర్వే శాస్త్రవేత్త రిచర్డ్ ఓల్డ్‌హామ్, 1906లో భూమికి ప్రత్యేకమైన కేంద్రభాగం ఉందని తరంగాల ఆధారంగా చూపాడు. అందులోనూ మరో గట్టి గుండ్రని ముద్ద ఉందని డెన్మార్క్ శాస్త్రవేత్త ఇంగే లేమన్ 1936లో కనిపెట్టింది.

మన పాఠాల్లో ఇదంతా ‘భూమి గోళాకారంలో ఉంది’ అన్న ఒక్క వాక్యంలోకి కుదించుకుపోవడం నాకు బాధ కలిగిస్తుంది. తీర్పు మాత్రమే విన్న పిల్లవాడికి రేపు మరొకరు ఇంకో తీర్పు చెబుతారు. ఆ 160 మీటర్ల తేడాను తప్పుగా కొట్టిపారేయకుండా వెంటాడినవారి కథ విన్న పిల్లవాడు మాత్రం ‘ఎలా కొలిచారు?’ అని అడుగుతాడు.

అలా అడిగే పిల్లలకు చూపడానికి మన పక్కనే ఒక వింత ఉంది. శ్రీలంకకు దక్షిణాన హిందూ మహాసముద్రంలో గురుత్వాకర్షణ తక్కువ. అక్కడి సముద్ర మట్టం, లెక్కలకు వాడే నున్నటి అండాకారపు భూమి ఉపరితలం కంటే 100 మీటర్లకు పైగా కిందికి ఉంటుంది. కానీ ఓడలో వెళ్లేవారికి ఆ పల్లం తెలియదు. అక్కడ గుండు వేలాడిన దిశే నిలువు, దానికి అడ్డంగా నిలిచిన నీరే సమతలం.