స్టాకు లేని మందు

మా నాన్నకి హెర్నియా ఆపరేషను. డెబ్భై తొమ్మిదేళ్ల మనిషి కదా, మత్తు డాక్టరుగారు ఒకసారి చూసి ఫిట్‌నెస్ ఇస్తే గానీ బల్ల ఎక్కించమన్నారు. తెనాలి నుంచి గుంటూరు తీసుకెళ్లాను.

మత్తు డాక్టరుగారు బీపీ చూశారు, ఈసీజీ చూశారు, మెడ పైకెత్తమన్నారు, కిందికి దించమన్నారు. "నోరు తెరవండి. నాలుక బాగా బయటపెట్టండి" అన్నారు. మా నాన్నకి ఏ పనీ సగం సగం చెయ్యడం తెలీదు. అమ్మవారి పటంలో కాళికలాగా నాలుక సాచి, కళ్లు కూడా పెద్దవి చేశాడు. డాక్టరుగారు టార్చి వేసి చూసి, ఏదో రాసుకుని, "సోమవారం పరగడుపున రండి" అన్నారు. అంతే. ఐదు నిమిషాల్లో అయిపోయింది.

కష్టమంతా బస్సులో మొదలైంది. కిటికీ పక్కన నాన్న కునుకుతీస్తున్నాడు, నేను ఊరుకోక కవరు విప్పాను. కాగితం మీద బీపీ ఉంది, షుగరు ఉంది, వాటి కింద గీత కొట్టి రెండే రెండు మాటలున్నాయి. ఒకటి "మల్లంపాటి 2". రెండోదాని కింద ప్రత్యేకంగా మరో గీత. డాక్టరు చేతిరాత కదా, కూడబలుక్కుంటే "ఎడెంట్యులస్" అని తేలింది.

నేను ముప్పై నాలుగేళ్లు గవర్నమెంటు ఆఫీసులో స్టోర్స్ గుమాస్తాగా చేసినవాణ్ణి. నా కంటికి మొదట అది "ఇండెంట్" లాగే కనపడింది. మా నాన్నకి ఇండెంటు పెట్టడమేమిటి, ఎక్కడి నుంచి ఏ సరుకు రావాలి అని కాసేపు ఆలోచించాను. నందివెలుగు దాటాక అది ఇండెంటు కాదని నమ్మకం కుదిరింది. దాంతోపాటు గుండెలో దడ కూడా.

ఫోనులో వెతకలేదా అంటారేమో. వెతికాను. స్పెల్లింగు నాది, అక్షరాలు డాక్టరుగారివి. ఎన్నిసార్లు కొట్టినా గూగులమ్మ ఇండెంటు ఫారాల నమూనాలే చూపించింది. నా ఉద్యోగం సంగతి దానికెలా తెలిసిందో!

బస్సు దిగి, నాన్నని ఆటో ఎక్కించి ఇంటికి పంపి, నేను మెడికల్ షాపుకి వెళ్లాను. డాక్టర్ల రాత చదవగలిగేది వాళ్లేగా. అతను కాగితం అందుకుని, ఆ మాట మీద వేలు పెట్టి, లోపలికి వెళ్లి రెండు అరలు వెతికి వచ్చాడు.

"స్టాకు అయిపోయింది సార్. నిన్ననే ఆఖరిది ఇచ్చేశాను. సోమవారానికి తెప్పిస్తా."

"ఇది దేనికి వాడతారు?" అన్నాను, గొంతు పెకల్చుకుని.

"కంపెనీని బట్టి ఉంటుందండీ" అన్నాడు. ఆ మనిషి వ్యాపారం బాగుపడకేం చేస్తుంది!

ఇక మిగిలింది మా వీధి చివర లెక్చరరుగారు. చెప్పింది కామర్సే అయినా ఇంగ్లీషులో ఆయన మాట మా వీధికి సుప్రీంకోర్టు తీర్పు. కాగితాన్ని దూరంగా పట్టుకుని చూసి, దగ్గరికి తెచ్చుకుని చూసి, కళ్లజోడు తీసేశారు. కళ్లజోడు తీశారంటే శుభవార్త కాదు.

"మొదలు చూడకండి మాస్టారూ, తోక చూడండి. ఇంగ్లీషులో జబ్బులన్నీ తోకలో ఉంటాయి. ట్యూబర్‌క్యులస్... ఎడెంట్యులస్... వినపడుతోందా? పెద్దాయనకి కంచం, గ్లాసు వేరే పెట్టండి. చిన్నపిల్లల్ని దగ్గరికి రానివ్వకండి."

ఇంట్లో ఆరునెలల మనవడున్నాడు. మా ఆవిడ వాణ్ణి ఎత్తుకుని వెనక గదిలోకి వెళ్లి గడియ పెట్టుకుంది. వైజాగులో ఉన్న మా అక్కయ్యకి ఫోను చేశాను. "ఎడెంట్యులస్" అన్నది పూర్తిగా పలికేలోపే ఏడుపు అందుకుంది. డల్లాస్‌లో ఉన్న మా మేనల్లుడికి అప్పుడు అర్ధరాత్రి. వాడు నిద్రలోనే "మామయ్యా, స్పెల్లింగు పెట్టు" అన్నాడు. నేను పెట్టింది చూసి, "అలాంటి మాట లేదు మామయ్యా, ఇదేదో చాలా కొత్తది అయ్యుండాలి" అన్నాడు. కొత్త జబ్బు మా నాన్నకే మొదట రావాలా?

నాన్నకి ఎవరం చెప్పలేదు. చెప్పకూడదనుకున్న సంగతి ఇంట్లో ఆరుగురి మొహాల మీద రాసుంటే ఆయనకి తెలీకుండా ఉంటుందా? రాత్రి అన్నం దగ్గర కూర్చుని, "నా కంచం మారిందేమిట్రా?" అన్నాడు. పాతది సొట్ట పడిందన్నాను. "సొట్ట పడి పాతికేళ్లయింది, ఇవాళ కనపడిందా?" అన్నాడు. పప్పన్నం మెత్తగా పిసుక్కుని, గుండ్రంగా ముద్ద చేసి, చెంపలు లోపలికీ బయటికీ ఆడిస్తూ తాపీగా తిన్నాడు. తిన్నాక వసారాలో కూర్చుని తన ఇత్తడి రోలు ముందుకి లాక్కున్నాడు. గుప్పెడంత రోలు. అందులో రెండు తమలపాకులు చించి వేసి, వక్కముక్కలు, గోటితో ఇంత సున్నం వేసి, టక్కు టక్కుమని దంచి, ఆ ఎర్రటి ముద్దని బొటనవేలితో తీసి బుగ్గన పెట్టుకున్నాడు. పదకొండేళ్లుగా ప్రతి రాత్రీ అదే చూస్తున్నాను. ఆ రాత్రి మాత్రం స్తంభం పక్కన నిలబడి, ఇంకెన్నాళ్లు వింటానో ఆ రోటి చప్పుడు అనుకుని పైపంచెతో కళ్లొత్తుకున్నాను.

"ఆ మల్లంపాటివాళ్లు ఏ ఊరివాళ్లట్రా?" అన్నాడు నాన్న ఉన్నట్టుండి. కాగితం ఆయన కూడా చూశాడన్నమాట! "మనవైపు పేరులాగే ఉంది. ఇద్దరొస్తున్నారా ఆపరేషనుకి? రెండు అని వేశాడు."

చూశారా, మా ఇంట్లో ఆ మొదటి మాటకి ఎవరూ భయపడలేదు. ఇంటిపేరులా ఉంది కనక చుట్టాలైపోయారు.

సోమవారం పొద్దున్నే గుంటూరు చేరాం. నాన్నకి ఆకుపచ్చ గౌను తొడిగి మంచం మీద కూర్చోబెట్టారు. మత్తు డాక్టరుగారు రాగానే గుమ్మం దగ్గరే ఆపి, గొంతు తగ్గించి అడిగాను.

"సార్, ఎడెంట్యులస్ ఎంతవరకు వచ్చింది?"

"ఎంతవరకేమిటండీ, పూర్తిగానే."

"పూర్తిగానా!"

"ఒక్కటి కూడా మిగల్లేదుగా."

నాకు కాళ్లు తేలిపోయాయి. గోడ పట్టుకున్నాను. "ఎప్పటినుంచి అయ్యుంటుంది సార్?"

"అది నన్నడుగుతారేం? చిగుళ్లు చూస్తే పదేళ్ల పైమాటే. ఇంట్లో ఉండి మీరు చూళ్లేదా?"

"నొప్పి కూడా లేదన్నాడు సార్ ఏనాడూ."

"ఊడిపోయాక ఇంకేం నొప్పండీ!" అని ఆయన నన్నొకసారి ఎగాదిగా చూసి, "అవునూ, పెద్దాయన పళ్ల సెట్టు ఏది? జేబులో ఉంటే తీసి మీ దగ్గర పెట్టుకోండి" అన్నారు.

అప్పటికి నా బుర్రలో లైటు వెలగలేదు. మంచం మీద మా నాన్నకి ముందు వెలిగింది. "ఒరేయ్, నాకు పళ్లు లేవని రాశాడ్రా! ఆ ముక్కకి కాగితం ఎందుకురా, నన్నడిగితే నోరు తెరిచేవాణ్ణిగా!" అని వార్డంతా మోగేలా నవ్వాడు. చిగుళ్లు రెండూ కనపడేటట్టు, ఆ నోట్లో అడ్డేమీ లేని నవ్వు.

డాక్టరుగారు మంచివారు, నవ్వాపుకుని చెప్పారు. నడుముకి ఇంజెక్షనుతోనే పని అయిపోతుందట. ఒకవేళ పూర్తి మత్తు ఇవ్వాల్సి వస్తే ముక్కూ నోరూ కలిపి మాస్కు పెట్టాలి, పళ్లు లేకపోతే చెంపలు లోపలికి పోయి మాస్కు అతుక్కోదు, గాలి పక్కల నుంచి పోతుంది. గొంతులోకి గొట్టం వెయ్యడం మాత్రం ముందుపళ్లు అడ్డురావు కనక కాస్త సులువు. అందుకని ముందే రాసి గీత కొడతారు. కట్టుడుపళ్లు జారి గొంతులో పడే ప్రమాదం కూడా ఉంది, అవి తీయించాలి. మా నాన్న సెట్టు పెళ్లిళ్లకే పెట్టుకుంటాడని, అందులోనూ కిందిది భోజనాల పంక్తిలో తప్పకుండా జారుతుందని చెప్పాను. పళ్లు పోయాక దవడ ఎముక అరుగుతూ వస్తుందని, పైదవడ కంటే కిందిది చాలా తొందరగా అరుగుతుందని, తప్పు సెట్టుది కాదని అన్నారు. అప్పటిదాకా ఆ సెట్టు చేసిన డాక్టర్ని పెళ్లికొకసారి తిట్టుకుంటూ వచ్చాం.

"మరి మల్లంపాటివాళ్లు?" అన్నాడు నాన్న.

"మనవాడే తాతగారూ. గుంటూరు జిల్లా నుంచి అమెరికా వెళ్లిన మత్తు డాక్టరు, శేషగిరిరావు మల్లంపాటి. నోరు తెరిపించి నాలుక చాపిస్తే లోపల కొండనాలుక ఎంత కనపడుతుందో చూసి, గొట్టం వెయ్యడం సులువో కష్టమో అంచనా కట్టచ్చని ఆయన 1985లో రాశాడు. ఇప్పుడు ఏ దేశంలోనైనా ఆపరేషనుకి ముందు ఆ పేరు రాయాల్సిందే."

"నే చెప్పలా?" అన్నాడు నాన్న నావైపు చూసి. చుట్టరికం కలిసిపోయినట్టే!

ఆయన్ని లోపలికి తీసుకెళ్లాక నాకు గంటన్నర పని లేదు. డాక్టరుగారి చేత స్పెల్లింగు రాయించుకున్నాను కదా, వరండాలో బెంచీ మీద కూర్చుని ఆ మాట అంతు చూద్దామని ఫోను తీశాను. లాటిన్ మాట. ముందున్న "ఎ" అంటే లేకుండా పోవడం, "డెంట్" అంటే పన్ను. మన సంస్కృతం దంతమూ, లాటిన్ డెంటూ ఒక తల్లి బిడ్డలే. అంటే మా ఇంట్లో మూడు రోజులు మమ్మల్ని ఏడిపించినవాడు మా పాత చుట్టమే, కోటు వేసుకొచ్చాడు కనక పోల్చుకోలేదు. ఇంకా చోద్యం, నేను ముప్పై నాలుగేళ్లు పెట్టిన ఇండెంటులోనూ ఉన్నది ఈ పన్నే. వెనకటికి ఒప్పందం కాగితం మీద రెండు ప్రతులు రాసి, మధ్యలో పళ్లు పళ్లుగా కత్తిరించి చెరొకటి తీసుకునేవారట. ఎప్పుడైనా పేచీ వస్తే పళ్లకి పళ్లు కలిపి చూసుకోవడమే. బస్సులో నా కన్ను మరీ అంత పొరపాటు పడలేదన్నమాట.

రెండువేల రెండువందల ఏళ్ల నాడు రోములో ప్లాటస్ అనే హాస్యనాటకాలాయన బాగా పాతబడ్డ ద్రాక్షసారాయిని కూడా ఇదే మాటతో పిలిచాడు. ఏళ్లు గడిచి ఘాటు తగ్గింది, ఇక కరవదు అని. మా నాన్నకి ఇది సరిగ్గా సరిపోతుంది గానీ ఆయన ఎదుట అనే ధైర్యం నాకు లేదు.

జంతుశాస్త్రంవాళ్లు ఇదే పన్నుతో కట్టిన మాటతో "పళ్లులేని జాతి" అని ఓ వర్గాన్నే పెట్టారు. మన నల్లమలలో తిరిగే అలుగుని అందులో వేశారు, పాపం దానికి నిజంగానే పళ్లుండవు, చీమల్ని నాలుకతోనే నాకేస్తుంది. అదే వర్గంలో దక్షిణ అమెరికాలోని పెద్ద ఆర్మడిల్లోని కూడా వేశారు. దాని నోట్లో వంద పళ్ల దాకా ఉంటాయి! తర్వాత నాలుక్కరుచుకుని అలుగుని వేరే గూట్లోకి మార్చారు.

పళ్ల డాక్టర్లకి మాత్రం ఇది రోజూ వాడే మాట. నోరు ఎడెంట్యులస్, దవడ ఎడెంట్యులస్, ఒక పన్ను ఊడిన సందు కూడా ఎడెంట్యులస్. కొన్ని ఊడి కొన్ని మిగిలితే "పాక్షికంగా ఎడెంట్యులస్". ఆ ఖాళీలు ఎక్కడెక్కడున్నాయో చూసి 1925లో కెన్నెడీ అనే అమెరికా డాక్టరు నాలుగు తరగతులు చేశాడు, పళ్ల కాలేజీల్లో పిల్లలు ఇప్పటికీ బట్టీ పడతారు. ఈ "పాక్షికంగా" దగ్గర నాకు మన భాష మీద గర్వం వచ్చింది. ఏమీ లేకపోతే బోసి, నడుమ నడుమ పోతే తొర్రి. క్రియావిశేషణాల గోల లేదు. పైగా బోసి అన్నది నోటికే పరిమితం కాదు. గొలుసు తీసేస్తే మెడ బోసి, ఆడపిల్ల అత్తారింటికి వెళితే ఇల్లు బోసి. గాంధీగారిదీ బోసినవ్వే, మా ఆరునెలలవాడిదీ బోసినవ్వే. లెక్కప్రకారం వాడు కూడా ఎడెంట్యులసే. గది గడియ పెట్టుకుని కూర్చున్న మా ఆవిడకి ఫోను చేసి చెప్పాను. అవతల కాసేపు చప్పుడు లేదు. తర్వాత, "పొద్దున వాడికి కింద రెండు మొలకలు తగిలాయండీ వేలికి" అంది. అయితే వాడు పాక్షికంలోకి వచ్చేశాడు.

లెక్చరరుగారికి కూడా చెప్పాను. "నేననలా, తోకలో ఉంటుందని?" అన్నారు. తప్పయిందని ఒప్పుకోవడానికి కామర్సులో పద్దు ఉండదనుకుంటాను.

నాన్నని బయటికి తీసుకొచ్చి మంచం మీద పడుకోబెట్టారు. ఆపరేషను బాగా జరిగింది. నడుము కింద స్పర్శ లేదు గానీ నడుము పైన అన్నీ మామూలే. "కాపీ ఇస్తారేమో కనుక్కో" అన్నాడు. పళ్లు లేక ఫకారం పోయిందా, తెనాలి అలవాటా అని ఇప్పుడు నేను విచారించదలుచుకోలేదు. అంతలో జేబులో ఫోను మోగింది. మెడికల్ షాపతను.

"సార్, మీ మందు వచ్చేసింది. ఆ పేరుతో లేదన్నారు గానీ అదే పని చేసేది వేరే కంపెనీది తెప్పించాను. పది శాతం తగ్గిస్తా."

వద్దనడానికి నోరు తెరిచాను. "వేసుకోవడం ఎలా?" అని అడిగింది మాత్రం ఎందుకో ఇప్పటికీ తెలీదు.

"పెద్దాయనకేగా? అన్నం తిన్నాక ఒకటి. మింగకూడదు సార్, బాగా నమలాలి."